నటి గౌనుకు రెండు చినుగులు

సెలవు రోజైన శుక్రవారం కూడా సూది పట్టాల్సి వచ్చినందుకు నా మీద నాకే విసుగు పుట్టింది. వారమంతా ఈ గల్ఫ్ ఊళ్ళో ఓల్డ్ ఎయిర్‌పోర్ట్ అనే పేటలోని మా టైలర్ షాపులో స్కూలు యూనిఫాంలు కుట్టీ కుట్టీ కళ్ళు మండుతున్నాయి. కానీ అల్ వక్రా నుంచి ఒక ఫిన్లాండ్ పెద్దావిడ ఫోన్ చేసి బతిమాలింది. వాళ్ళమ్మ నాటకంలో వేసుకున్న గౌను రెండుచోట్ల చినిగిందట. మర్నాడు వాళ్ళ దేశస్థులంతా కలిసే చోట బొమ్మకు తొడిగి పెట్టాలట. మొహమాటానికి ఒప్పుకున్నాను.

మూడున్నరకు మెట్రో ఎక్కాను. టికెట్ రెండు రియాళ్ళు. సీటు దొరకలేదు. పక్కన నిలబడ్డతనిది జగిత్యాల వైపు, బిర్కత్ అల్ అవామిర్‌లో లేబర్ క్యాంపులో ఉంటాడట. నా చేతిలో కుట్టు సామాను చూసి, "శుక్రారం గూడ డ్యూటీయేనా అన్నా?" అన్నాడు. సంగతి చెప్తే నవ్వాడు.

"గా రెండు చినుగులకు గింత దూరమా?"

నాకూ అదే అనిపిస్తోంది. స్టేషన్ బయట కరక్ చాయ్ తాగి, ఫ్రీ బస్సు కోసం ఇరవై నిమిషాలు ఎండలో నిలబడి, ఇల్లు చేరేసరికి అయిదైంది.

మేడమ్‌కు డెబ్బై దాకా ఉంటాయి. కొడుకు దగ్గర ఉంటోంది. గోడ మీద వాళ్ళమ్మ ఫోటోలు చూపించింది. వయసులో ఉండగా పదీ పన్నెండు సినిమాలు, అన్నిట్లో కథానాయికే. తర్వాత సినిమాలు మానేసి స్టేజీ ఎక్కింది, ముసలితనం దాకా దిగలేదు. ఒక ఫోటోలో ఈ గౌనే ఉంది.

"ఈ నాటకం ఆడిన ఏడే నేను పుట్టాను. పుట్టగానే నన్ను అమ్మమ్మ దగ్గర వదిలేసిందట. అమ్మకు నాటకమే బిడ్డ," అంది. అమ్మమ్మ చెప్పిన మాట అది. ఇన్నేళ్ళయినా ఆవిడ గొంతులో కోపం ఆరలేదు.

గౌను తిరగేశాను. చినుగులు ఛాతీ దగ్గర, కుచ్చుల కింద ఉన్నాయి. రెండు వైపులా ఒకటే కొలత. అంచులు లోపలికి మడిచి చేత్తో కుట్టారు. హుక్కులు ఊడిపోయాయి గానీ, అవి తగిలించే దారపు కాజాలు అరిగిపోయి అలాగే ఉన్నాయి. మా షాపులో బాలింతల కుర్తాలు నేను ఇలాగే కుడతాను. నోరు మూసుకుని కుట్టేసి ఇంటికి పోదామా అనిపించింది, అంత అలసటగా ఉంది. చెయ్యి ఆడలేదు.

"మేడమ్, ఇవి చినుగులు కావు. పసిబిడ్డకు పాలివ్వడానికి పెట్టించుకున్నవి," అన్నాను నాకొచ్చిన ఇంగ్లీషులో. తోబుట్టువులున్నారా అని అడిగాను. ఎవరూ లేరంది.

ఆవిడ గౌను తన ఒళ్ళోకి లాక్కుంది. తర్వాత అరిగిన కాజాను వేలితో తడిమి, ఎన్నిసార్లు విప్పితే ఇలా అవుతుందని అడిగింది. నెలల తరబడి, ఆట ఆటకీ విప్పి ఉంటుందన్నాను. సీనుకూ సీనుకూ మధ్య తెర వెనక ఎవరో బిడ్డను అందించి ఉండాలి.

"అంటే నేనక్కడే ఉన్నాను," అని ఏడ్చింది. నేను కిటికీ వైపు తిరిగి కూర్చున్నాను.

మూసి కుట్టొద్దంది. హుక్కులు మాత్రం వైపుకు రెండు చొప్పున పెట్టించుకుంది. నేను నాలుగూ కుట్టాక ఒక్కొక్కటీ తగిలించి, తీసి, మళ్ళీ తగిలించింది. మర్నాడు అందరి ముందూ తెరిచే పెడతానంది.

ఏడున్నర మెట్రోలో సీటు దొరికింది. నడుం లాగేస్తోంది, కళ్ళు మూతలు పడుతున్నాయి. అంత దగ్గరకు పోయి కూడా అల్ వక్రా హార్బర్ చూడలేదు. మీరు వెళ్తే చూసి రండి. ముప్పై ఏళ్ళలో ఎన్ని చినుగులు కుట్టానో నాకే తెలీదు. కుట్టనందుకు నా చెయ్యి పట్టుకుని వదలని మనిషిని మాత్రం ఈ శుక్రవారమే చూశాను.