సారయ్య ఇచ్చిన జాబితా

ఉద్యోగ విరమణకు ఇంకా రెండేళ్ళుందనగా, ఒక జూన్ మొదటి వారంలో, వరంగల్ శివారులోని ఒక మండలానికి నన్ను తహసీల్దారుగా బదిలీ చేశారు. చార్జి తీసుకున్న రోజే గిర్దావర్ నన్ను జీపులో మడికొండ దాటించి ఒక ప్రభుత్వ భూమి చూపించాడు. గిర్దావర్ అంటే రెవెన్యూ ఇన్‌స్పెక్టర్. మా దగ్గర ఇప్పటికీ ఆ పాత పేరే నడుస్తుంది. రెండు వందల పైచిలుకు గుడిసెలు, ప్రతి గుడిసె మీదా ఒక ఎర్రజెండా. అక్కడినుంచి చూస్తే ఐటీ కంపెనీల అద్దాల భవనాలు కనిపిస్తాయి. ఆ నేల మీద ఎందరి కళ్ళున్నాయో వేరే చెప్పనక్కర్లేదు.

గుడిసెలు వేయించింది ఒక సోషలిస్టు పార్టీ. దాని మండల కార్యదర్శి సారయ్య, కాజీపేట రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా చేసి రిటైరైన మనిషి. నెలకోసారి వినతిపత్రం తెచ్చేవాడు. కూర్చోమంటే కూర్చోడు, టీ ఇస్తే తాగడు. ఎందుకయ్యా ఇంత పంతం అని ఒకసారి అడిగాను. "మీరు సర్కారు, మేము జనం. కూసుంటె మాట మెత్తవడ్తది సారు" అన్నాడు. నాకు చిరాకు వేసింది గానీ, మనిషి మీద గౌరవమూ కలిగింది.

ప్రభుత్వ భూమిలోంచి ఎవరినైనా ఖాళీ చేయించాలంటే ముందు ఏడో సెక్షన్ కింద నోటీసు, తర్వాత ఆరో సెక్షన్ కింద ఉత్తర్వు ఇవ్వాలి. అంకెలు తలకిందులుగా ఉన్నా చట్టం అలాగే ఉంది. నోటీసు పేరు మీద ఉండాలి. పేరు లేని నోటీసు పట్టుకుని కోర్టుకెళితే చీవాట్లు తినేది తహసీల్దారే. ఈ సంగతి సారయ్యకు తెలుసు. అందుకే, ఏ ఆఫీసరుకూ పేరు చెప్పొద్దని గుడిసెల్లో కట్టడి పెట్టాడు. గిర్దావర్ మూడుసార్లు వెళ్ళొచ్చాడు. మొదటి గుడిసె కొమురమ్మదని నాకు తర్వాత తెలిసింది. భర్త పోయాక స్టేషన్ ఘన్‌పూర్ వైపు నుంచి ఇద్దరు ఆడపిల్లలతో వచ్చి, తాపీ పనికి కూలీగా పోయేది. పేరడిగితే "పార్టీని అడుగు సారు" అనేది. చివరి గుడిసె దాకా అదే జవాబు. 'ఆక్రమణదారులు తెలియరాలేదు' అని రాసి ఫైలు కింద పెట్టేవాణ్ణి. నిజం చెప్పాలంటే నాకూ అదే హాయిగా ఉండేది.

మరుసటి ఏడు ఉప ఎన్నిక వచ్చింది. సారయ్య పార్టీ పెద్దలు హైదరాబాదులో అధికార పార్టీకి మద్దతు ప్రకటించారు. ఆ వారమే సారయ్య ఆఫీసుకు వచ్చాడు. ఈసారి కుర్చీ లాక్కుని కూర్చున్నాడు, టీ తాగాడు. చేతిలో పట్టాల కోసం దరఖాస్తు, దానికి జతగా ఒక జాబితా. ప్రతి గుడిసెకూ పేరు, భర్త లేదా తండ్రి పేరు, ఆధార్ నంబరు, వేలిముద్ర.

"సర్కారు ఇప్పుడు మనోళ్ళదే సారు. పట్టాలిస్తమని మాట ఇచ్చిండ్రు. ఇగ ఫికర్ లేదు" అన్నాడు.

మూడుసార్లు తిరిగినా దొరకని పేర్లు నా బల్ల మీద ఉన్నాయి. వాటితో పట్టాలూ రాయొచ్చు, నోటీసులూ రాయొచ్చు. ఆ మాట నాకు ఆ క్షణంలోనే తట్టింది. చెప్పలేదు. వచ్చిన కాగితాల రిజిస్టరులో ఎక్కించి ఇన్వర్డ్ నంబరు వేయించి, రసీదు ముద్ర కొట్టి, పై ఆఫీసుకు పంపించాను.

ఎన్నిక అయింది, అధికార పార్టీ గెలిచింది. రెండు నెలలకు ఆ భూమిని ఐటీ పార్కు విస్తరణకు కేటాయిస్తూ ఉత్తర్వు వచ్చింది. జతపరచిన జాబితా ప్రకారం నోటీసులు జారీ చేయమన్నారు. గిర్దావర్ ఒక్క పూటలో పంచేశాడు. సారయ్య హైదరాబాదు పరుగెత్తాడు. రాబోయే ఎన్నికలకు సీట్ల చర్చలు నడుస్తున్నాయి, ఇప్పుడు గొడవ చేయొద్దని పెద్దలు అతణ్ణి తిప్పి పంపారు. గడువు ముగిసింది, నేను ఆరో సెక్షన్ ఉత్తర్వు మీద సంతకం చేశాను.

కూల్చేరోజు పొద్దున్నే పోలీసులతో, జేసీబీలతో వెళ్ళాం. జెండాలన్నీ అలాగే ఉన్నాయి. కొమురమ్మ పిల్లలతో సామాను బయట పెట్టుకుని, చేతిలో నా ముద్ర ఉన్న రసీదు జిరాక్సు పట్టుకుని నిలబడింది. పట్టాకు ముందు వచ్చే కాగితం అదేనని సారయ్య ప్రతి ఇంటికీ పంచాడట. ఆమె నన్ను దాటి పక్కన నిలబడ్డ సారయ్య వైపు తిరిగింది.

"మూడుమాట్లు అచ్చిండ్రు సారయ్యన్నా, పేరు చెప్పలే. నువ్వు చెప్పుమంటె చెప్పిన" అంది.

మధ్యాహ్నానికి నేల చదునైంది.

వారం తర్వాత అతను ఆఫీసుకు వచ్చాడు. కుర్చీ చూపించాను, కూర్చోలేదు.

"ఆ జాబితా వాపస్ ఇయ్యుండ్రి సారు" అన్నాడు.

ఇన్వర్డ్ నంబరు పడిన కాగితం తిరిగి ఇవ్వడానికి నిబంధన లేదు. కావాలంటే రుసుము కట్టి నకలు తీసుకోవచ్చని చెప్పాను. నకలు తనకెందుకని వెళ్ళిపోయాడు. కొమురమ్మ పిల్లల్ని తీసుకుని ఎటు వెళ్ళిందో అతనికీ తెలియదన్నారు.

ఏ పార్టీ ప్రభుత్వానికి ఎంత దగ్గరైనా, ఆఫీసులో ఇచ్చిన కాగితం ఆఫీసుదే అవుతుందని నేను ఉద్యోగంలో చేరినప్పటినుంచీ ఎరుగుదును. సారయ్యకు అది అంతవరకు తెలియదు. అతను టీ తాగుతున్నప్పుడే నేను చెప్పి ఉండాల్సింది.