చచ్చిన హీరోకు దుబాయ్ వీసా

కొడుకును మట్టిలో పూడుస్తుంటే, పక్కన నిలబడ్డ తల్లి చేత "దిగగానే ఫోన్ చెయ్యి నాన్నా!" అనిపించిన మహానుభావుణ్ణి నేనే. నవ్వండి, మొహమాటం వద్దు. ఆ రోజు టీవీ ఉన్న ప్రతి ఇల్లూ నవ్వింది.

నా పని టర్కీ సీరియళ్లకు తెలుగు మాటలు రాయడం. ఎక్కడో ఇస్తాంబుల్‌లో ఒకాయన కథ రాస్తాడు. వరంగల్‌లో మా మేడ మీద గదిలో కూర్చుని, నేను వాళ్ల పెదవులకు మాటలు అతికిస్తాను. ఎపిసోడ్లు వారం వారం వస్తాయి కాబట్టి, ఆయన ఎవరిని ఎప్పుడు చంపుతాడో నాకూ తెలియదు.

అప్పుడు నేను రాస్తున్న సీరియల్‌లో హీరో అంటే మా నానికి, అంటే అమ్మమ్మకు, పంచప్రాణాలు. కంటి ఆపరేషన్‌కని నెక్కొండ నుంచి మా ఇంటికి వచ్చింది. "కన్ను మానేదాక టీవీ చూడొద్దు, అస్సలు ఏడ్వద్దు. కన్నుకే మోసం," అన్నాడు డాక్టరు.

"నేను చూడ సారూ, ఊకె వింట," అంది నాని.

సరిగ్గా అప్పుడే ఇస్తాంబుల్ పెద్దమనిషి హీరోను చంపేశాడు. సీరియల్ ఆపితే నాని అన్నం మానేస్తుంది. వినిపిస్తే కన్ను పోతుంది. అప్పుడు నా బుర్ర అతిగా పనిచేసింది. మన దగ్గర మనిషిని దుబాయ్ పంపేటప్పుడు ఏడవని ఇల్లుందా? హీరోకు అక్కడ ఉద్యోగం ఇప్పించాను. మట్టి వేస్తూ తండ్రి "వేళకు తినరా" అన్నాడు. సమాధి మీద పడి భార్య "సెలవు దొరకగానే రండి" అంది. గొంతు ఇచ్చేవాళ్లు తెల్లమొహం వేస్తే, "ఛానల్ వాళ్లే మార్చమన్నారు" అని కోతలు కోశాను.

నాని కళ్లు మూసుకునే అంతా విన్నది. "దుబాయే గదా, ఎందుకట్ల మొత్తుకుంటాండ్రు? జర ఓపిక పడితే వాడే వస్తడు." ఒక్క చుక్క రాలలేదు.

మర్నాడు స్టూడియో సార్ ఫోన్. "యాకూబ్, సమాధిల విమానం యాడుందయ్యా?"

"సార్, మా నాని కన్ను..."

"మీ నాని కన్ను సల్లగుండ, నా కొలువు పోయేటట్టుంది! ఇంకోసారి కథ మారిస్తే నిన్నే పంపిస్త దుబాయ్!"

ఆ తర్వాత కథ విలన్ వెంట పడింది. హీరో ఊసే రాలేదు, బతికిపోయాను. ఈలోగా నాని కన్నూ మానింది. ఆమె దర్జాగా టీవీ ముందు కూర్చున్న మొదటి రోజే హీరో తలుపు తోసుకుని వచ్చాడు. అసలు చావనే లేదట! భార్య కెవ్వుమని కింద పడింది.

నాని నా వైపు తిరిగింది. "ఏందిరా యాకూబ్? మొగడు దుబాయ్ నుంచొస్తే సూట్‌కేస్ తెరిచి చూస్తరు గని, దయ్యాన్ని చూసినట్టు పడిపోతరా?"

చెప్పక తప్పలేదు. తిడుతుందనుకుంటే, పాపం, ఆమె మొహం చిన్నబోయింది.

"వాడు పెండ్లి చేసుకుంటే నవ్విన, జైలుకు పోతే ఏడ్చిన. గింత మంచి ఏడుపు నాకు దక్కకుండ జేస్తివి గదరా! పెట్టు ఆ ఎపిసోడు."

"వాడు బతికే ఉన్నడు గద నానీ!"

"ఉంటె ఉండనీ. నా ఏడుపు నాకు గావాలె!"

ఎపిసోడ్ పెట్టి, టీవీ శబ్దం తీసేసి, అసలు మాటలు నేనే చదివాను. బతికున్నవాడి కోసం నాని కొంగు తడిసేదాకా ఏడ్చి, "ఇప్పుడు పానం నిమ్మలమైందిరా," అంది. పక్కన నేనూ ముక్కు చీదుకుంటున్నాను.

ఆ రోజే కీబోర్డు మీద చెయ్యి పెట్టి ప్రమాణం చేశాను. ఇస్తాంబుల్‌లో ఎవరు పోయినా దగ్గరుండి సాగనంపుతాను గానీ, ఒక్కడికి కూడా వీసా ఇప్పించను.