అబ్బ, వాసన

నా చిన్నప్పుడు మేము హాంబర్గ్‌లో ఒక అపార్ట్‌మెంట్ రెండో అంతస్తులో ఉండేవాళ్లం. కరోనా రోజులవి. నా మనవలకు ఇప్పుడది బడి పుస్తకంలో ఒక పాఠం. నాకు మాత్రం మాడిన ఇంగువ పోపు.

ఎదురింట్లో వరంగల్ నుంచి మాస్టర్స్ చదవడానికి వచ్చిన అక్క ఉండేది. ఊరి మురుగునీటిని శుభ్రం చేసే ప్లాంటులో ఆమెకు పార్ట్‌టైమ్ పని. మురుగునీటిని జర్మన్‌లో అబ్‌వాసర్ అంటారు. అది మా అమ్మ చెవికి "అబ్బ, వాసన" అని వినిపించింది. ఇంకేముంది, అక్కకు ఆ పేరే ఖాయమైపోయింది. ఆదివారం భోజనానికి వచ్చినప్పుడల్లా అమ్మ ముక్కు మూసుకుని మరీ ఏడిపించేది.

అక్కకు అన్నం ముందు కూర్చున్నా ఆ కబుర్లే. ఇళ్లలోంచి పోయే నీళ్లన్నీ రోడ్ల కింద గొట్టాల్లో కలిసి హార్బర్ పక్కనున్న ప్లాంటుకు చేరతాయట. అక్కడ పెద్ద పెద్ద తొట్లలో సూక్ష్మక్రిములు ఆ మురికిని తినేస్తే, తేరిన నీటిని ఎల్బే నదిలోకి వదులుతారట. లోపలికొచ్చే నీటిని అక్క సీసాలో పట్టి, కరోనా ఎంత ఉందో చూడడానికి ల్యాబుకు ఇచ్చేది. జనం దాచినా నీళ్లు దాచవని ఆమె ఒకసారి అన్నది. గోడలకు చెవులుంటాయని విన్నాను గానీ, గొట్టాలకు నోళ్లు కూడా ఉంటాయని అప్పుడే తెలిసింది.

ఆ చలికాలం ఒక సాయంత్రం నాన్న పోపు వేస్తున్నాడు. వంటిల్లంతా పొగ కమ్మేసినా గరిటె పట్టుకుని అలాగే నిలబడ్డాడు. అమ్మ పరుగున వచ్చి స్టవ్ ఆపి, మాడు వాసన రావట్లేదా అని అరిచింది. నాన్న ఇంగువ డబ్బా తీసి ముక్కుకు ఆనించుకున్నాడు. ఆయన మొహం పాలిపోయింది.

వాసన పోవడమంటే ఏమిటో అప్పటికి చిన్నపిల్లలకు కూడా తెలుసు. నాన్న ఉద్యోగంలో చేరి రెండు నెలలే. ఇంకా ప్రొబేషన్‌లో ఉన్నాడు. ఉద్యోగం పోతే వీసా పోతుందని ఆయన భయం. "ఒట్టి జలుబే. ఎవరితోనూ అనకండి" అన్నాడు.

కింద ఇంట్లో ఒంటరిగా ఒక ఓమా ఉండేది, ఎనభై దాటిన జర్మన్ ముసలమ్మ. అమ్మ ఆమెకు రొట్టె, పాలు తెచ్చి ఇచ్చేది. మాట్లాడడానికి నేను తోడు వెళ్లేదాన్ని, మా ఇంట్లో జర్మన్ బాగా వచ్చింది నాకే. మర్నాడు కూడా వెళ్లాం. మానేస్తే అనుమానం వస్తుందని అమ్మ అనుకుంది. ఓమా ఎప్పటిలాగే నా చెంప నిమిరి, "అల్లెస్ గూట్?" అని అడిగింది, అంతా బాగేనా అని. ఎప్పటిలాగే నేను "అల్లెస్ గూట్" అన్నాను.

కానీ అక్క సీసా నన్ను నిద్రపోనివ్వలేదు. నాన్న నీళ్లు ప్లాంటుకు చేరకూడదని ఫ్లష్ ట్యాంకు పక్కనున్న చిన్న కుళాయి కట్టేశాను. పూట గడిచేసరికి ఇల్లంతా నిజంగానే అబ్బ, వాసన! నాన్నకు తప్ప. బాగుచేసేవాణ్ణి పిలిస్తే గుట్టు బయటపడుతుందని అమ్మ బకెట్‌తో నీళ్లు కుమ్మరించింది. అవి బుడబుడమంటూ దిగిపోతుంటే నాన్న దొరికిపోయాడనుకుని, నేను మెట్ల మీదికి పారిపోయి వెక్కివెక్కి ఏడ్చాను.

అక్క అప్పుడే ప్లాంటు నుంచి వచ్చింది. మా నాన్న నీళ్లు నీ సీసాలోకి రానివ్వకు అని బతిమాలాను. ఆమె ముందు నవ్వింది. అంతలోనే నవ్వు ఆగిపోయింది. రెండు మెట్లు దిగి దూరంగా కూర్చుంది.

"నీళ్లకు ఏ ఇల్లో తెల్వది చిన్నీ. ఊరికి జరమొచ్చిందని చెప్తయి, గంతే. ఎవరింట్ల వచ్చిందో మనుషులే చెప్పాలె."

నా వెనక మా ఇంటి తలుపు తీసే ఉంది. నాన్న అంతా విన్నాడు. లోపలికి వెళ్లి డాక్టరుకు, తర్వాత ఆఫీసుకు ఫోన్ చేశాడు. ఆయన ఉద్యోగం పోలేదు. కోలుకునేదాకా విశ్రాంతి తీసుకోమని మేనేజర్ రాసిన మెయిల్ చదివి నాన్న పిల్లాడిలా ఏడ్చాడు.

అక్కకు ఏమీ కాలేదు. ఓమాకు మాత్రం అప్పటికే దగ్గు మొదలైంది. ఆ వారంలోనే ఆంబులెన్స్ వచ్చింది. ఆమె మళ్లీ ఇంటికి రాలేదు. మా ఇంట్లో "అబ్బ, వాసన" హాస్యం అంతటితో ఆగిపోయింది.

నీళ్లకు ఇల్లు తెలియదన్న మాట ఆ మెట్ల మీద నాకు ఎంత ఊరటనిచ్చిందో, తర్వాత అంత బాధ పెట్టింది. ఓమాకు అది మా వల్లే వచ్చిందో, మరొకరి వల్ల వచ్చిందో ఏ సీసా చెప్పలేదు. చెప్పాల్సిన మాట ఆమె భాషలో చెప్పగలిగింది నేను. నేనేమో అంతా బాగే అన్నాను.

ఇప్పటికీ ఎవరైనా బాగున్నారా అంటే నా నోట వెంటనే జవాబు రాదు. చాదస్తమని మనవలు నవ్వుతారు. నవ్వనీ. ఇంట్లో అందరినీ ఒక్కొక్కరినే తలుచుకున్నాకే బదులిస్తాను.