అద్దం లోపలి కుంకుమ

అవును మలరూ, ఇదే పటం. నువ్వు అమెరికా మ్యూజియంలో తీసి ఫోనులో పంపగానే కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ మళ్ళీ చూశాను. భుజాల మీదుగా ముందుకు పడ్డ రెండు జడలు, చెవులకు గవ్వలు, ఎండకు చిట్లించినట్టున్న కళ్ళు. ఆయనే. "అవ్వా, మీ ఇంట్లో పటానికి నుదుట బొట్టుండేదన్నావు, ఇక్కడ లేదే" అని అడిగావు కదా. మొదట మా దానికీ లేదు. అదెలా వచ్చిందో నాకూ తెలియదు. తెలిసినంత వరకు చెబుతాను, నీ తమ్ముడికి కూడా చెప్పు.

ముందే ఒక మాట. నాకు దయ్యాల మీద ఎన్నడూ నమ్మకం లేదు. కోయంబత్తూరు దగ్గర సూలూరు పక్కన మిల్లులో ఇరవై ఏళ్ళకు పైగా నూలు చుట్టే పని చేశాను. పత్తి గోడౌను వెనక తెల్లచీర మనిషి తిరుగుతుందని తోటి ఆడవాళ్ళు గుంపుగా తప్ప అటు పోయేవారు కాదు. నేను ఒక్కదాన్నే పోయేదాన్ని. అక్కడ నాకు కనిపించిందల్లా గాలికి లేచే దూది. ఇప్పటికీ ఎవరైనా దయ్యం అంటే నవ్వొస్తుంది. ఈ ఒక్కదానికే నవ్వు రాదు.

మిల్లు లైను ఇళ్ళలో మాది చివరిది. ఒక గది, ముందు చిన్న వసారా. నాయన, అమ్మ, అన్న, నేను, నాయన తల్లి. ఆమెను మేం జేజి అనేవాళ్ళం.

మావాళ్ళది మదురై దగ్గర మేలూరు పక్క. వానల్లేక చేలు బీడుపడితే, మా తాత తన వాళ్ళ పది పన్నెండు కుటుంబాలను వెంటబెట్టుకుని మిల్లు పనికని కోయంబత్తూరు వచ్చాడు. లైనులో తగువొచ్చినా, పెళ్ళి కుదిరినా ఆయన మాటే చెల్లేది. మనవాళ్ళు ఎన్నో తరాల కింద ఉత్తరాన్నుంచి ఏయే నదులు దాటి వచ్చారో, దారిలో ఎవరెవరు పోయారో పేరుపేరునా చెప్పే పాట ఒకటి ఆయనకు వచ్చు. అది ఎక్కడా రాసి లేదు. ఆయన నోట్లో మొత్తం, జేజి నోట్లో సగం ఉండేది.

నేను పుట్టకముందు ఒకసారి మిల్లు మూతపడింది. రెండు నెలలు సంగు మోగలేదు. సంగంటే మిల్లు కూత, మాకు అదే గడియారం. లైనులో పొయ్యిలు వెలగడం మానేశాయి. మేలూరులో మనవాళ్ళను అడిగి జొన్నలు తెస్తానని తాత ఖాళీ గోనె సంచులు చంకన పెట్టుకుని బయల్దేరాడు. వసారా దిగుతూ "పొయ్యొస్తా" అన్నాడట.

ఆయన మేలూరు చేరలేదు. తిరిగీ రాలేదు. నాయన మదురైలో ఆస్పత్రులు, సత్రాలు, పోలీసు స్టేషన్లు అన్నీ తిరిగాడు. దారి పొడుగునా ఊరూరా అడిగాడు. గోనె సంచి కూడా దొరకలేదు.

జేజికి మిగిలింది ఆ ఒక్క మాటే. పొయ్యొస్తా అన్నాడు కాబట్టి వస్తాడు. తాళి తియ్యలేదు, బొట్టు చెరపలేదు. ప్రతి పూటా ఆయన కంచంలో అన్నం పెట్టి మూత వేసేది. తరువాతి సంగు మోగాక, ఇంక ఈ పూటకు రాడని, ఆ అన్నం మాకు పంచేది.

తాతకు ఒక్క ఫోటో కూడా లేదు. కొన్నేళ్ళకు ఆయన ముఖం సరిగా గుర్తు రావడం లేదని జేజి అమ్మ దగ్గర ఏడ్చేదట. మనిషి రాకపోవడం కంటే అదే ఆమెను ఎక్కువ తినేసేదని అమ్మ చెప్పేది.

నాకు ఆరేడేళ్ళప్పుడు నాయన మిల్లు ఆఫీసులో పారేస్తున్న పాత క్యాలెండరు ఒకటి అడిగి తెచ్చాడు. మా మిల్లుకు అమెరికా నుంచి పొడుగు పింజ పత్తి వచ్చేది, ఆ పత్తి పంపేవాళ్ళు పంపిన క్యాలెండరట. అన్న పుస్తకాలకు అట్టలు వేద్దామని వసారాలో దాని చుట్ట విప్పాడు. జేజి బియ్యం చెరుగుతోంది. చేట కింద పెట్టేసింది.

"ఇది మీ నాయనే దా రా" అంది.

నాయన నవ్వాడు. "ఏమ్మా నువ్వు, ఇది ఏ దేశపోడో. ఆ జడలు చూడు."

"మీ నాయనకు జడ లేదా? మొక్కు తీరేదాకా కత్తెర పెట్టనని పెంచుకొనింది మరిసిపోతివా? ఆ సెవులు చూడరా. ఆ కండ్లు చూడు. ఎండలో నిలబడితే అట్లనే దా చూస్తాడు."

నాయన నవ్వడం మానేశాడు. పటాన్ని వెలుతురుకు తిప్పి చాలాసేపు చూశాడు. అమ్మ కూడా వచ్చి చూసింది. ఆ బట్టలు తీసేసి మన పంచె కడితే మామేనని తరువాతెప్పుడో నాతో అంది.

నాయన ఆ పటానికి అద్దం కట్టించాడు. వెనక అట్ట పెట్టి మేకులు కొట్టించి, దుమ్ము పోకుండా మిల్లులో కండెలు చుట్టే మందపాటి కాగితం తెచ్చి దాని మీద గంజితో తనే అంటించాడు. నాలుగు వైపులా, సందు లేకుండా. ఇది గుర్తుపెట్టుకో.

మన ఇళ్ళలో బతికున్నవాళ్ళ పటానికి బొట్టు పెట్టరు, మాల వెయ్యరు. అవి పోయినవాళ్ళకే. జేజి రోజూ పటాన్ని తడిగుడ్డతో తుడిచేది కానీ కుంకుమను దాని దరిదాపులకు రానిచ్చేది కాదు. పెద్దలకు కొత్త బట్టలు పెట్టి మొక్కే రోజున, ఆయన చచ్చినవాళ్ళ వరసలో కలవకూడదని పటాన్ని తీసుకుపోయి వసారాలో పెట్టేది. ఒక ఏడు ఎదురింటి పాపాత్తి అత్త తెలియక దానికి కూడా బొట్టు పెట్టబోయింది. జేజి చెయ్యి పట్టుకుని ఆపింది.

"నా మొగుడ్ని సంపేదానికి నువ్వెవతివే?"

"పటానికి బొట్టు పెడితే మనిసి సస్తాడా పెద్దమ్మా?"

"మీ ఇంటాయన ఫోటో తెచ్చి పెట్టు, చూస్తాం."

పాపాత్తి అత్త మూడు నెలలు మా ఇంటి గడప తొక్కలేదు.

పొద్దున మొదటి సంగు మోగాక, నాయన పనికి పోయాక, జేజి పటం ముందు కూర్చుని ఆ పాటలో తనకొచ్చిన సగం మెల్లగా పాడేది. మాకు నేర్పమంటే, "మిగతా సగం ఆయన దగ్గర ఉండాది. వచ్చినంక ఒకటిగా నేర్చుకోండి" అనేది.

పటం కింద ఇంగ్లీషులో రెండు వరుసలు ఉండేవి. లైనులో ఎవరికీ ఇంగ్లీషు చదవడం రాదు. నేను సిస్టర్ల బడిలో చేరి, పన్నెండేళ్ళకు కూడబలుక్కుని చదవడం నేర్చుకున్నాను. చదవమని నన్నెవరూ అడగలేదు. ఒక ఆదివారం మధ్యాహ్నం నేనే స్టూలు ఎక్కి, అందరూ వినేటట్టు చదివాను. పేరున్న చోట చెమ్మ తగిలి రంగు పోయింది. మిగిలినదాన్ని మన మాటల్లో చెప్పాను. ఈయన అమెరికాలో బ్లాక్‌ఫీట్ అనే జాతికి పెద్ద. ఈ బొమ్మ వేసిన మరుసటి ఏడు చనిపోయాడు.

పాపాత్తి అత్త అక్కడే ఉంది. "పో పెద్దమ్మా, ఇన్నేండ్లు ఎవరికో కంచం పెట్టి కాసుకొని ఉంటివి" అని నవ్వింది.

జేజి ఆమె వైపు చూడలేదు. నా వైపే చూసింది.

"జాతికి పెద్దనా?"

"ఊఁ."

"మీ తాతా పెద్దే దా." పటం దగ్గరికి వచ్చింది. "సచ్చిపోయినాడని ఉండాదా? సరిగ్గా సదువు పాపా."

అప్పుడు నేను అబద్ధం చెప్పి ఉండవచ్చు. తప్పు చదివానని అనవచ్చు. తప్పులేకుండా చదవడమే గొప్ప అనుకునే వయసు. మళ్ళీ చదివి, "ఉంది జేజీ" అన్నాను.

"సచ్చేప్పుడు పక్కన ఎవరన్నా ఉండిరా? అది సదువు."

"అది రాయలేదు."

"ఇంకేం రాసినారు మరి" అని లేచి లోపలికి పోయింది. ఆ రాత్రి కూడా కంచంలో అన్నం పెట్టి మూత వేసింది. మామూలుగానే ఉందని మేమంతా అనుకున్నాం.

మరునాడు తెల్లారుతుండగా, మొదటి సంగు మోగకముందే, ఇల్లు ఊడుస్తున్న అమ్మ నాయనను పిలిచింది. పటంలో ఆయన నుదుటి మీద కుంకుమ బొట్టు ఉంది.

నాయనకు కోపం వచ్చింది. ఎవరు పెట్టారని అందరినీ అడిగి, తువ్వాలుతో తుడవబోయాడు. పోలేదు. గోటితో గీకాడు. గోరు అద్దం మీద జారింది. బొట్టు అద్దానికి లోపల ఉంది.

పటం దించి వెనక్కి తిప్పాడు. కాగితం అంటించినది అంటించినట్టే ఉంది. ఎక్కడా చిరుగు లేదు, కొత్త గంజి మరక లేదు. నేను పక్కనే నిలబడి చూశాను, అన్న కూడా చూశాడు. నాయన బ్లేడుతో కాగితం కోసి, తుప్పుపట్టిన మేకులు పీకి అట్ట తీశాడు. కుంకుమ పొడిపొడిగా ఆయన వేలికి అంటింది. కొంచెం నేల మీద రాలింది.

అది అంగడిలో కొన్న కుంకుమ కాదు. జేజి పసుపూ సున్నమూ కలిపి ఇంట్లోనే చేసేది, కాల్చిన ఇటుక రంగులో ఉండేది. ఇదీ అదే రంగు. ఆ కుంకుమ భరిణె ఎప్పుడూ జేజి కొంగు ముడిలోనే ఉండేది.

జేజి వచ్చి చూసింది. గోడకు ఆనుకుని కూర్చుని, మెడ వెనక చేతులు పెట్టి తాళి ముడి విప్పడం మొదలుపెట్టింది. ముడి బిగుసుకుపోయి చాలాసేపు రాలేదు. అమ్మ ఏడుస్తూ చేతులు పట్టుకుంటే విదిలించుకుంది.

"వచ్చి సెప్పిపోయినాడు" అంది. "పొయ్యొస్తానన్నాడు కదా. వచ్చినాడు."

ఆ రోజు నుంచి కంచం పెట్టలేదు. పాటా పాడలేదు. నాకు నేర్పు జేజీ అని ఎంతో బతిమాలాను. "ఇంక ఎవరికి పాడేది" అనేది, అంతే. మరుసటి వానల్లో పోయింది. ఆమెతో పాటు ఆ పటాన్ని కూడా నాయన చితి మీద పెట్టేశాడు. అందుకే ఇప్పుడు మీకు చూపించడానికి నా దగ్గర ఏమీ లేదు. పాటలో నాకు మిగిలింది ఒక నది పేరు. అది ఏ నదో ఎవరినడిగినా తెలియదంటారు.

నేను ఆలోచించకుండా ఊరుకోలేదు. వాళ్ళు ముఖాలకు ఎర్ర రంగు పూసుకుంటారని నువ్వు మొన్న చెప్పినప్పుడు, చెమ్మకు బొమ్మలోని రంగే పైకి తేలిందేమో అనుకున్నాను. కానీ పొడి నాయన వేలికి అంటడం నేను చూశాను. అంతకుముందు చాలా ఏళ్ళు అది నాయన పనే అని నమ్మాను. వాళ్ళమ్మ ఎదురుచూపు చూడలేక, కాగితం నైపుణ్యంగా విప్పి మళ్ళీ అంటించాడని, మా ముందు కోపం నటించాడని. అందుకు ఆయన మీద నాకు జాలి ఉండేది, కోపం కూడా ఉండేది.

నాయనకు దూది దుమ్ముతో ఊపిరితిత్తులు పాడై మదురై ఆస్పత్రిలో పడుకున్నప్పుడు, ఇక రోజులు లేవని తెలిసి, అడిగాను.

"నాయనా, ఆ బొట్టు నువ్వే కదా పెట్టింది?"

ఆయన నా వైపు వింతగా చూశాడు. మాటకూ మాటకూ మధ్య ఊపిరి అందడం లేదు.

"నేనా? అది నువ్వు దా పెట్టినావని... ఇన్నేండ్లు... సిన్నబిడ్డ, పోనీలే అని అడగలే."

ముప్పై ఏళ్ళు ఒకే ఇంట్లో ఒకరినొకరు అనుమానించుకుని, ఒకరినొకరు క్షమించుకుంటూ బతికామన్నమాట. అమ్మ అంతకుముందే పోయింది. అన్న తాను కాదని ఒట్టు పెట్టాడు. జేజి తనే పెట్టిందా అంటే, మేకులు పీకి మళ్ళీ కొట్టే చప్పుడుకు ఆ ఒక్క గదిలో మిగతా నలుగురిలో ఒకరమైనా లేచేవాళ్ళం. నాకు అంతుపట్టలేదు. ఇప్పటికీ పట్టలేదు. ఒక్కటే తెలుసు, నేను ఆ వరుసలు చదవకపోతే ఆమె కంచం పెడుతూనే ఉండేది.

మిల్లు మూసేసి చాలా ఏళ్ళయింది. లైను ఇళ్ళు కొట్టేశారు. ఆ జాతి పిల్లల్ని బడుల్లో పెట్టి, సొంత భాష మాట్లాడితే కొట్టేవారని అక్కడి బోర్డు మీద రాసి ఉందన్నావు. అయినా ఆయన మునిమనవళ్ళు వచ్చి పటం ముందు నిలబడి వాళ్ళ పాట పాడారన్నావు. మనల్ని ఎవరూ కొట్టలేదు మలరూ. మన పాట మన ఇంట్లోనే పోయింది. నేను చెప్పేదంతా నీ తమ్ముడికి నువ్వు అరవంలో చెప్పాల్సిందే కదా.

నీకు ఒక్క పని చెబుతాను. బోర్డు మీద ఉండదులే, అలాంటివి రాయరు. ఆయన మనుషులు మళ్ళీ అక్కడికి వస్తే, మర్యాదగా దగ్గరికి పోయి అడుగు. మా జేజి అడగమందని చెప్పు. పెద్దాయన పోయేటప్పుడు పక్కన ఎవరైనా ఉన్నారా?