రాయి కింది గుర్తు

నంద్యాలలో ఏ ఇంట్లో విసుర్రాయి కనిపించినా తిరుపాలు ఆగుతాడు. "అమ్మా, కిందిరాయి తిరగేసి చూడాల" అంటాడు. అది అడిగినట్టుండదు, గద్దించినట్టుంటుంది. గొంతుక్కూర్చుని, భుజం మీది తుండుతో పిండి దులిపి, కళ్ల కంటే ముందు బొటనవేలితో రాయి అడుగు తడుముతాడు. కరువుకు తల్లి వెంట బళ్లారి పోయినప్పుడు అతనికి ఏడేళ్లు. విసుర్రాళ్లు కొట్టే తండ్రి ఇక్కడే ఉండిపోయాడు. నలభై నాలుగేళ్లకు, ఈ 1941లో, కొడుకు వెతుక్కుంటూ వస్తే తండ్రి కాశయ్య పేరు నంద్యాలలో ఎవరికీ తెలియదు, రాళ్లు చెక్కేవాళ్లుండే ఆళ్లగడ్డలోనూ తెలియదు. తను చేసిన ప్రతి రాయి అడుగునా తండ్రి మూడు గీతలు, ఒక చుక్క చెక్కేవాడని తల్లి చెప్పిన మాటొక్కటే ఆధారం.

నిన్న ఈశ్వరమ్మ ఇంట్లో ఆ చుక్క వేలికి తగిలింది.

"దీన్ని చేసినాయన యాడుండాడు?"

"రాళ్లాయనా? మా అరుగు మీదనే పండుకుంటాండెనంట. కలరాకు పోయినాడని మా అత్త చెప్తాండె."

"పేరు?"

"పేరెవరడుగుతారప్పా. రాళ్లాయన అనేవాళ్లు."

"ఇన్నేండ్లు ఆయన చేసిన రాయితో విసురుకోని తిన్నారు. పేరు అడగలేకపోయినారా?"

తిరుపాలు సంచిలోంచి ఉలి, సుత్తి తీసి, పైరాయి మీద పిడి పక్కనే కొట్టడం మొదలుపెట్టాడు. ఒక గీత, రెండో గీత.

"ఏందప్పా, గుర్తు పైన చెక్కుతాండావ్?"

"కింద పెట్టినందుకే మరిచినారు." మూడో గీత పడింది. "ఇంక విసిరినప్పుడల్లా చేతికి తగులుతాది. తగిలినప్పుడల్లా కాశయ్య అను."