ఒక్క రోజు వాయిదా

మా జడ్జిగారు బుధవారం పొద్దున్నే పోయారు. సోమాజిగూడ ఆసుపత్రి నుంచి ఆయన కోడలు ఫోన్ చేసి, "ఆంటీ, మామయ్య పోయిండు" అంది. నాకు ఏడుపు రాలేదు. "అయ్యో, ఇవాళ పదింటికి కదా!" అన్నాను. ఆ పదింటి సంగతి చెబితేగాని నేను చేసిన పాపం మీకు తెలియదు.

ఆయన కోర్టులో నేను పద్దెనిమిదేళ్లు స్టెనోని. ఆయన మొదట వకీలు. యుద్ధం వచ్చినప్పుడు నల్లకోటు విప్పేసి పటాలంలో చేరి, కుంటికాలితో తిరిగొచ్చారు. ఊళ్లవాళ్లు ఎమ్మెల్యేని చేస్తే ఒక్క దఫా అసెంబ్లీలో కూర్చుని, "గాడ మాటలు మస్తు, పని జర" అంటూ మళ్లీ కోర్టుకే వచ్చి, చివరికి జడ్జి అయ్యారు. మధ్యాహ్నం తన జొన్నరొట్టెలో సగం నాకు పెట్టేవారు. నా ఉప్మాని మాత్రం గోడకు కొట్టే లప్పం అని వెక్కిరించేవారు. నేను టైపులో తప్పు చేస్తే కాగితం చింపనిచ్చేవారు కాదు. "తప్పు కనవడాలె అమ్మా. గీత కొట్టు, పక్కన నేను సంతకం పెడ్త" అనేవారు. అందుకే ఇది కూడా దాచకుండా రాస్తున్నాను.

ఆయనలో సిపాయి ఎక్కడికీ పోలేదు. ఎవరైనా వాయిదా అడిగితే చాలు, "సరిహద్దుల దుష్మన్ వాయిదా ఇస్తడా? కానియ్యిండ్రి!" అనేవారు. ఆ పట్టుదలే ఒకరి కొంప ముంచింది. ఇస్త్రీ పని చేసుకునే మనిషి మీద దోపిడీ కేసు పెట్టారు. దోపిడీ జరిగిన రోజు అతను సొంతూళ్లో ఉన్నాడని చెప్పగలిగింది అతని అన్న ఒక్కడే. ఆ అన్న రాలేదు. ఒక్క రోజు గడువిమ్మని వకీలు బతిమాలాడు. ఇవ్వలేదు. సాక్ష్యం ముగిసిందని ఆయన చెబుతుంటే నేనే టైపు చేశాను.

మర్నాడు పొద్దున ఆ అన్న, చెప్పులు చేతిలో పట్టుకుని కోర్టు వరండాలో నిలబడి ఉన్నాడు. దారిలో బస్సు చెడిపోయిందట. "ముగిసింది ముగిసిందే" అన్నారు జడ్జిగారు. తమ్ముడికి ఏడేళ్లు పడ్డాయి. అసలు దొంగ దొరికేసరికి అందులో నాలుగు అయిపోయాయి.

ఆ తర్వాత ఆయన వాయిదా అడిగిన ఎవరినీ కాదనలేదు. రిటైరయ్యాక పంజాగుట్టలో వాళ్లింటికి ఎప్పుడు వెళ్లినా ఒకటే మాట: "గా మనిషి దొరికిండా అమ్మా? సచ్చేలోపు ఒక్కసారి దండం పెట్టుకుంట." అమీర్‌పేటలో నేను అడగని ఇస్త్రీ బండి లేదు.

మంగళవారం సాయంత్రం దొరికాడు. ఎక్కడో కాదు, మా మధురానగర్‌లోనే, నాలుగు వీధుల అవతల హాస్టల్ కింద! జడ్జిగారు చూడాలంటున్నారని చెప్పగానే ఇస్త్రీపెట్టె పక్కన పెట్టేశాడు.

"మా అన్న సుత పోయిండు. అయినా ముసలాయన పిలుస్తుండంటే రానా? ఇప్పుడే పోదాం పాండ్రి మేడం" అన్నాడు.

ఆసుపత్రికి ఆటోలో పావుగంట దారి. నాకేమో మోకాళ్ల నొప్పులు, పైన వాన. "రేపు పదింటికి వెళ్దాంలెండి, ఏం కొంప మునిగింది?" అన్నాను. ఈ నోరు పడిపోనూ!

ఆసుపత్రికి ఫోన్ చేసి చెబితే ఆయన, "ఇయ్యాల్నే తోల్కరా అమ్మా" అన్నారు.

"ఒక్క రోజే కదండీ."

"సరే తియ్యి. వాయిదా ఇచ్చిన" అని నవ్వారు.

బుధవారం అదే పదింటికి, ఆసుపత్రికి కాకుండా పంజాగుట్ట ఇంటికి, అతన్ని రమ్మన్నాను. తలంటుకుని, మడత నలగని తెల్లచొక్కా వేసుకుని వచ్చాడు. గడప దాటకుండా, అచ్చం వాళ్లన్నలాగే చెప్పులు చేతిలో పట్టుకుని వరండాలో ఆగాడు.

"నిన్ననే వస్తనంటి గద మేడం" అన్నాడు.

లోపల ఆయన్ని చాప మీద పడుకోబెట్టారు. రెండు చేతులూ గుండె మీద జోడించి, బొటనవేళ్లకు దారం కట్టారు. అతను గుమ్మంలోంచి అటే చూస్తూ, "పెద్దాయన ఎవలకు దండం పెడుతుండు?" అని అడిగాడు.

చెప్పులు చేతిలోనే పట్టుకుని, అతను నా మొహం వంక చూస్తూ నిలబడ్డాడు.