పెన్ను పట్టే పిల్ల

తైనాన్ నగరంలోని ఒక బడిలో కువో పంతులమ్మ లెక్కల క్లాసులో పిల్లల్ని నలుగురు చొప్పున జట్లు కట్టి, జట్టుకో తెల్లబోర్డు ఇచ్చింది. జట్టులో వెనకబడిన పిల్లే పెన్ను పట్టి బోర్డు మీద రాయాలని దయతో నియమం పెట్టింది. ఆ దయ, లెక్కల్లో వెనకబడిన పేయ్‌షాన్ అనే పిల్ల మెడకు చుట్టుకుంది. పెన్ను ఎవరి చేతిలో ఉంటే వాళ్లే మొద్దని పిల్లలు ఇట్టే పసిగట్టారు.

"ఒసేయ్ పెన్నూ, మేం చెప్పింది గీకు, నీ బుర్ర వాడకు," అనేవాడు జట్టులోని త్సుంగ్‌హాన్. బడి ముందు గుడ్డురొట్టెల బండి దగ్గర కూడా దానికి అదే పిలుపు.

"టీచర్, నాకు పెన్నొద్దు. కావాలంటే బడి మరుగుదొడ్లు కడిగే వంతు రోజూ నాకే వెయ్యండి," అని పిల్ల ఏడ్చింది.

"పిచ్చిదానా, ఈ నియమం నీకోసమేగా!" అంటూ పంతులమ్మ, క్లాసు చూడవచ్చిన టీచర్ల ఎదుట మూత తీసి మరీ పెన్ను దాని చేతిలో పెట్టింది. వాళ్లు చప్పట్లు కొట్టారు. పేయ్‌షాన్ తలొంచుకుని, త్సుంగ్‌హాన్ చెప్పబోయే అంకె కోసం కాచుకుంది.